అమ్మడూ, ఆర్డర్లు వచ్చాయి సరే, ఇంకా పెరిగే ముందు మావయ్య మాట విను

అమ్మడూ,

మీ అమ్మ ఫోన్ చేసి చెప్పింది, నీళ్ళ కింద తిరిగే ఆ రోబోల రెండో డిఫెన్స్ ఆర్డర్ కూడా మీకే వచ్చిందంట కదా, చాలా సంతోషం తల్లీ. నిన్నగాక మొన్న ఆటోనగర్ షెడ్డులో నలుగురు కూర్చుని సోల్డరింగ్ చేసుకునేవాళ్ళు, ఇప్పుడు రుషికొండలో ఆఫీసు, అరవై మంది స్టాఫు, అచ్యుతాపురం వైపు కొత్త ప్లాంటుకి స్థలం కూడా చూస్తున్నారంట. ఆ ప్లాంటు మాట విన్నాకే రాయాలనిపించింది. డాక్‌యార్డుకీ షిప్‌యార్డుకీ పార్టులు చేస్తూ చేస్తూనే నా జుట్టు నెరిసింది, అందుకని ఫోన్లో సగం సగం చెప్పేకంటే రాస్తే నువ్వు తీరిగ్గా రెండుసార్లు చదువుకుంటావని.

చెప్పదలుచుకున్నది ఒక్కటే, మిగతాదంతా దాని చుట్టూ తిరిగేదే. మీ కంపెనీ ఎంత బేగి పెరగాలో చెప్పాల్సింది మీ ఇన్‌స్పెక్షన్ టేబుల్. ఆ టేబుల్ మీద నెలకి ఎన్ని పీసులు ఏ వంకా లేకుండా పాసవుతున్నాయో అదే మీ అసలు సైజు, ఆర్డర్ బుక్కులో ఎన్ని కోట్లున్నా సరే.

డబ్బు దొరికే రోజులివి, కాదనను. మా రోజుల్లో డ్రాయింగ్ వాళ్ళిచ్చేవారు, మేం చేసి పెట్టేవాళ్ళం, మేమే ఒక వస్తువు తయారుచేసి నేవీ ముందు పెడతామనే ఆలోచనే రాలేదు మాకు. 2018లో డిఫెన్స్ స్టార్టప్‌లకి డబ్బిచ్చే ఐడెక్స్ అనే కేంద్ర పథకం వచ్చాక కథ మారింది, మొదట 1.5 కోట్ల వరకూ గ్రాంటు అన్నారు, తర్వాత ఐడెక్స్ ప్రైమ్ అని 10 కోట్ల దాకా, 2024లో అదితి స్కీమ్ వచ్చాక 25 కోట్ల దాకా. నేవీ కూడా 2022లో తనకి కావాల్సినవి చెప్పి తయారుచెయ్యమని స్ప్రింట్ ఛాలెంజులు పెట్టింది. ఉక్రెయిన్ యుద్ధం చూశాక, 2025 మేలో ఆపరేషన్ సిందూర్ అయ్యాక డిఫెన్స్ స్టార్టప్ అంటే ఇన్వెస్టర్లు ఎదురొచ్చి మరీ డబ్బిస్తున్నారు. మన పిల్లలు మన ఊళ్ళోనే ఉండి ఇలాంటి పని చేస్తున్నారంటే నాకు గుండె నిండిపోద్ది. అయితే ఆ గ్రాంటు ప్రోటోటైప్ వరకే కదమ్మా, దానికి సమానంగా మీ వాటా మీరు పెట్టాలి, మైల్‌స్టోన్ దాటితేనే తర్వాతి వాయిదా వస్తది, ఇదంతా నీకు తెలుసు. ప్రోటోటైప్ పాసయ్యాక ప్రొడక్షన్ దానంతటదే అయిపోద్దని నీ చుట్టూ ఉన్న కుర్రాళ్ళు అనుకుంటున్నారే, నా భయం అది.

మన ఊరి సంగతే చూడు. వరుణాస్త్ర టార్పెడో డిజైన్ చేసింది ఇక్కడి ఎన్ఎస్‌టీఎల్, 1969 నుంచీ ఉన్న ల్యాబు, నీళ్ళ కింద ఆయుధాల్లో దేశంలో వాళ్ళ తర్వాతే ఎవరైనా. ఏళ్ళ తరబడి కష్టపడి 2016లో నేవీకి అప్పగించారు. ప్రభుత్వ ఆయుధాల కంపెనీ బీడీఎల్ విశాఖ యూనిట్ నుంచి ప్రొడక్షన్‌లో మొదటి టార్పెడో బయలుదేరింది 2020లో. అంత అనుభవం, అంత మంది మనుషులున్న చోట కూడా పాసైన డిజైన్‌కీ, వరసపెట్టి ఒకేలా తయారయ్యే సరుకుకీ మధ్య అంత దూరం ఉందంటే, ఆ దూరాన్ని మీరు ఆరు నెలల్లో దాటేస్తామని ఇన్వెస్టర్ల ముందు స్లైడ్ పెట్టొద్దు.

నువ్వు ఆ అమెరికా డిఫెన్స్ కంపెనీ యాండురిల్ గురించి చెప్తుంటావు కదా, 2017లో పుట్టి 2025కల్లా 30 బిలియన్ డాలర్ల విలువ దాటిందని. నిజమే, గవర్నమెంటు అడక్క ముందే సొంత డబ్బుతో వస్తువు తయారుచేసి చూపించి అమ్మడం వాళ్ళ దగ్గర నేర్చుకోవాల్సిందే. కానీ ఏళ్ళ తరబడి నష్టాలు మోసే ఇన్వెస్టర్లు వాళ్ళ వెనకున్నారు, అమెరికా బడ్జెట్ ముందుంది. మన దగ్గర డ్రోన్లు చేసే ఐడియాఫోర్జ్ చూడు, 2007లో మొదలుపెడితే 2023లో ఐపీఓకొచ్చారు, 672 రూపాయలకిచ్చిన షేరు 1300 దగ్గర లిస్టయింది, తర్వాత ఇష్యూ రేటు కంటే కిందకి దిగింది. ఆ కంపెనీని తక్కువ చేసి మాట్లాడటం లేదు, పదహారేళ్ళు నిలబడటం మాటలు కాదు. కొనేవాడు ఒక్క ప్రభుత్వమే అయినప్పుడు ఆర్డర్లు ఒక ఏడు కుప్పలుగా వస్తాయి, ఇంకో ఏడు చూద్దామన్నా కనపడవు, ఆ రెండో ఏడు కోసం ఇప్పుడే రెడీ అవ్వమంటున్నా.

ఇక అసలు పనిలోకి వద్దాం. మీ అండర్‌వాటర్ రోబో ప్రాణమంతా ఆ ఎలక్ట్రానిక్స్ డబ్బా మూత దగ్గరున్న ఓ-రింగులో, అంటే నీరు దూరకుండా ఆపే ఆ గుండ్రటి రబ్బరు సీలులో ఉంది. వంద మీటర్లు దిగితే చదరపు సెంటీమీటరుకి సుమారు పది కిలోల ఒత్తిడి, ఆ నీరు దారి కోసం వెతుకుతూనే ఉంటది. రింగు కూర్చునే గాడి, ఆ గ్రూవ్‌ని మామూలు కాటన్ వేస్ట్‌తో తుడిస్తే ఒక్క నూలుపోగు అందులో ఉండిపోద్ది, పైనుంచి చూస్తే కనపడదు, టార్చి పక్క నుంచి ఏటవాలుగా వేసి చూస్తేనే సన్నగా మెరుస్తది. ఆ ఒక్క పోగు చాలు, చుక్క చుక్కగా నీరు దిగడానికి. అందుకే నూలు రాలని గుడ్డ వాడాలి, రింగు ఆనే సీటు మీద గోరు ఆనించి చుట్టూ నెమ్మదిగా తిప్పాలి, ఎక్కడైనా తగిలిందంటే గీత ఉన్నట్టే, ఆ పార్టు పక్కన పెట్టాలి. గ్రీజు ఎక్కువ రాస్తే మంచిదనుకుంటారు కొత్తవాళ్ళు, కాదు, రింగు మెరిసేంత పల్చగా చాలు. మూత బిగించాక వాక్యూమ్ లాగి గేజు రీడింగు రాయాలి, గంట ఆగి మళ్ళీ రాయాలి, రెండుసార్లూ రూము టెంపరేచర్ కూడా పక్కనే రాయాలి, ఎందుకంటే ఏసీ ఆన్ చేసినా రీడింగు మారిపోద్ది, అది లీకో కాదో తేల్చుకోలేక ఒక పూటంతా పోద్ది.

మొదటి పీసులు నువ్వే దగ్గరుండి బిగించావు కాబట్టి పాసయ్యాయి. యాభయ్యో పీసుని పోయిన వారం చేరిన కుర్రాడు బిగిస్తాడు, నువ్వు ఆ టైములో ఢిల్లీ మీటింగులో ఉంటావు. నీ చేతికి తెలిసింది ఆ కుర్రాడి చేతికి ఎలా తెలుస్తది? రాసిపెట్టాలి, తెలుగులో, ఫోటోలతో, బెంచి ముందు గోడకి అంటించాలి. ప్రతి పీసుతో పాటు ఒక కార్డు నడవాలి, ఏ లాటు రింగు, ఎవరు బిగించారు, ఎంత టార్క్‌తో, అంటే ఎంత బిగువుగా తిప్పారు, ఎవరు చెక్ చేశారు, సంతకాలతో. రేపు సముద్రంలో ఒకటి ఫెయిలైతే ఆ లాటులో ఇంకెన్ని బయట తిరుగుతున్నాయో పది నిమిషాల్లో చెప్పగలగాలి, చెప్పలేకపోతే మొత్తం సరుకు వెనక్కి తెచ్చుకోవాల్సొస్తది.

ఇంకొకటి, మీ ఇంజనీర్లు చాలా తెలివైనవాళ్ళు, అందువల్లే ఒక చిక్కుంది. ఇంకొంచెం బాగుంటదని రాత్రికి రాత్రి కనెక్టర్ మారుస్తారు, బోర్డు లేఅవుట్ మారుస్తారు. ట్రయల్స్‌లో పాసైన పీసు ఒకటి, డెలివరీకి వెళ్ళే పీసు ఇంకొకటి అయితే ఇన్‌స్పెక్టర్ గారు తిప్పి పంపుతారు, పంపాలి కూడా. డ్రాయింగ్ ఫ్రీజ్ చేశాక మార్పు కావాలంటే కాగితం మీద అడగాలి, ఒప్పుకున్నాకే చెయ్యాలి. క్వాలిటీ చూసే మనిషి ప్రొడక్షన్ హెడ్ కింద ఉండకూడదమ్మా, నేరుగా నీ కింద ఉండాలి, లారీ ఎక్కించాక కూడా డిస్పాచ్ ఆపే హక్కు ఉండాలి. నెలాఖరున అందరూ కోప్పడినా నువ్వు అతని పక్కన నిలబడాలి, ఒక్కసారి నువ్వు కాదన్నావంటే ఇక జన్మలో నోరు విప్పడు.

టెస్టింగ్ స్లాట్లు ఆర్డర్ వచ్చిన రోజే బుక్ చెయ్యి. ఈఎంఐ ఈఎంసీ (ఒక ఎలక్ట్రానిక్ వస్తువు ఇంకోదాన్ని చెడగొట్టకుండా చూసే టెస్టు), వైబ్రేషన్, డ్యాంప్ హీట్ అనే తేమ వేడి టెస్టు, సాల్ట్ స్ప్రే అనే ఉప్పునీటి తుంపర టెస్టు, ఒకటి ఫెయిలైతే మళ్ళీ క్యూలో నిలబడాల్సిందే. సాల్ట్ స్ప్రే గురించి విశాఖ వాళ్ళకి వేరే చెప్పాలా, బీచ్ రోడ్డు ఇళ్ళల్లో కిటికీ గ్రిల్సు ఎలా తినేస్తదో చూస్తూ పెరిగావు.

డబ్బు దగ్గరికొస్తే లెక్క వేసి చూపిస్తా. ఊరికే అనుకుందాం, ఆర్డర్ 6 కోట్లు. 5 శాతం బ్యాంకు గ్యారంటీ అంటే 30 లక్షలు, కొత్త కంపెనీ కాబట్టి దానికి సరిపడా ఎఫ్‌డీ పెట్టమంటాడు బ్యాంకువాడు, ఆ డబ్బు ఇరుక్కున్నట్టే. అరవై మందికి సగటున 60 వేలు వేసుకున్నా నెలకి 36 లక్షలు, సరుకు తయారై, ఇన్‌స్పెక్షనై, డెలివరీ అయి, బిల్లు పాసయ్యేసరికి ఎనిమిది నెలలు పట్టిందనుకో, జీతాలకే మూడు కోట్లకి దగ్గరగా పోయింది, మెటీరియల్ ఇంకా లెక్కలోకే రాలేదు. కనెక్టర్లు, రోబోని నీళ్ళలో తోసే థ్రస్టర్లు అమ్మేవాళ్ళు ముందే అడ్వాన్సు అడుగుతారు. లేటైతే ఎల్‌డీ అనే ఆలస్యపు జరిమానా కోత, చాలా కాంట్రాక్టుల్లో వారానికి అర శాతం. లాభం కాగితం మీద ఉంటది, బ్యాంకులో ఏమీ ఉండదు, పెరుగుతున్న కంపెనీలు చితికిపోయేది ఇక్కడే. నా లెక్కలో ఏడాది జీతాలకి సరిపడా డబ్బు ఆర్డర్‌తో సంబంధం లేకుండా పక్కనుంటేనే కొత్త మనిషిని తీసుకోవాలి.

చిన్న పరిశ్రమలకిచ్చే ఉద్యమ్ రిజిస్ట్రేషన్ ఉంది కదా, దాన్ని వాడుకో. 2006 ఎంఎస్ఎంఈడీ చట్టం ప్రకారం సరుకు ఒప్పుకున్న రోజు నుంచి 45 రోజుల్లోపు డబ్బు ఇవ్వాలి, డెలివరీ అయిన 15 రోజుల్లోగా రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పకపోతే ఒప్పుకున్నట్టే లెక్క, ఆలస్యమైతే బ్యాంకు రేటుకి మూడు రెట్లు వడ్డీ. పెద్ద కొనుగోలుదారు మీద కేసేస్తే మళ్ళీ ఆర్డర్ రాదేమోనని భయపడతాం, అది సహజమే, అందుకే ముందు ట్రెడ్స్ అనే ఆన్‌లైన్ వేదికలో బిల్లు డిస్కౌంట్ చేసుకునే, అంటే కాస్త తగ్గించుకుని డబ్బు ముందే తెచ్చుకునే దారి చూడు, సంబంధం చెడకుండా డబ్బు చేతికొస్తది. డెలివరీ చలానా మీద తేదీ, సంతకం, స్టాంపు లేకుండా మాత్రం డ్రైవర్ని గేటు దాటి రానివ్వకు.

పార్టులు ఎక్కడివో ఇప్పుడే ఏరుకో. 2025 మొదట్లో చైనా పార్టులున్నాయని ఆర్మీ డ్రోన్ల కాంట్రాక్టులు రద్దయ్యాయి, పేపర్లో చదివే ఉంటావు. కెమెరా మాడ్యూలు, మోటారు కంట్రోలరు, బ్యాటరీ సెల్లు, ఈ మూడూ చూడు ముందు. డీలరు మనవాడే కావచ్చు, లోపల చిప్పు ఎక్కడిదో డీలరుకి కూడా తెలీదు, విప్పి చూసుకోవాల్సిందే.

మనుషుల విషయంలో నాకో గట్టి నమ్మకముంది. అరవై మందిలో నలభై మంది ల్యాప్‌టాప్ ముందు కూర్చునేవాళ్ళే అయితే ఈ పని సాగదు. మన కంచరపాలెం ఐటీఐ పిల్లల్ని తీసుకో, రెండేళ్ళు ఓపిగ్గా నేర్పిస్తే చేతిపనిలో వాళ్ళకి సాటిలేరు. నేవీలో రిటైరైన ఆర్టిఫిసర్లు, అంటే ఓడల మెషిన్లు బాగుచేసిన టెక్నీషియన్లు, మర్రిపాలెం, గోపాలపట్నం, మల్కాపురం అంతా ఉన్నారు, ఓడలో ఏది ఎందుకు పాడవుతదో వాళ్ళకి తెలిసినంతగా ఏ కన్సల్టెంటుకీ తెలీదు, ఇద్దర్ని పెట్టుకో, టీం మీటింగులో వాళ్ళని చివరి కుర్చీలో కూర్చోబెట్టకు. కొత్తగా చేరిన ప్రతి ఒక్కరినీ మొదటి వారంలో బీచ్ రోడ్డులో కురుసురా సబ్‌మెరైన్‌కి తీసుకెళ్ళు. టూరిస్టుల్లా కాదు, టేపు పట్టుకుని. ఆ గుండ్రటి తలుపుల్లోంచి వంగి దూరి, అంత ఇరుకులో నిలబడి, మీ పెట్టెకున్న హ్యాండిల్ ఇక్కడ ఎలా పట్టుకుంటారో, తడి చేత్తో ఆ లాచి ఎలా తీస్తారో వాళ్ళనే చేసి చూడమను. ఆఫీసులో పది మీటింగులు పెట్టినా రాని డిజైన్ మార్పులు అక్కడ అరగంటలో వస్తాయి.

మీ స్టాఫు ఆ ఫోటోలు పెట్టడం కాస్త ఆపించమ్మా. లింక్డిన్‌లో మీ టెస్టింగ్ ట్యాంకు ఫోటో చూశాను, వెనక బోర్డు మీద డెప్త్ నంబర్లు చదవగలిగేలా ఉన్నాయి. 2019 డిసెంబరులో మన రాష్ట్ర పోలీసులు బయటపెట్టిన డాల్ఫిన్స్ నోస్ కేసు గుర్తుందా, సోషల్ మీడియాలో అమ్మాయిల పేరుతో వలేసి నేవీ కుర్రాళ్ళ దగ్గర సమాచారం లాగారు, ఆ తర్వాత ఓడల్లోనూ బేసుల్లోనూ స్మార్ట్‌ఫోన్లే నిషేధించారు. మీరిప్పుడు అదే కంచె లోపల ఉన్నారు. గొప్పగా చెప్పుకోవాలని పిల్లలకుంటది, పాపం వాళ్ళ తప్పేం లేదు, ఏది చెప్పొచ్చో ఏది చెప్పకూడదో చేరిన రోజే కూర్చోబెట్టి చెప్పాలి.

సీ ట్రయల్స్ తేదీలు అక్టోబరు, నవంబరుల్లో ఒప్పుకోకు. హుద్‌హుద్ తుఫాను వచ్చింది అక్టోబరు 12నే, 2014లో, అప్పుడు నువ్వు స్కూల్లో ఉన్నావు. సంక్రాంతి తర్వాత సముద్రం నెమ్మదిస్తది, అప్పటికి పెట్టుకో.

అచ్యుతాపురం ప్లాంటు సంగతి. మొదటి లాటు మొత్తం డెలివరీ అయి, వాళ్ళు తీసుకుని, ఒక్కటీ వెనక్కి రాకుండా, డబ్బు అకౌంట్లో పడ్డాక స్థలం కొను. ఈలోగా ఆటోనగర్లో మన పక్క షెడ్డు ఖాళీగానే ఉంది, ఓనర్‌తో నేను మాట్లాడతాను, రెండో అసెంబ్లీ లైనుకి అది సరిపోద్ది, డిజైన్ చేసేవాళ్ళలో సగం మందిని కూడా రుషికొండ నుంచి అక్కడికే తెచ్చెయ్, ఏం తయారవుతోందో రోజూ కళ్ళతో చూస్తారు. ఇన్వెస్టర్లు తొందరపెడితే ఈ నాలుగు ముక్కలే వాళ్ళకీ చెప్పు, తెలిసినవాళ్ళయితే అర్థం చేసుకుంటారు. ఇన్వెస్టర్ల షరతుల కాగితం, ఆ టర్మ్ షీట్ వచ్చిందని మీ అమ్మ అంది, సంతకం పెట్టకముందు ఒక కాపీ నాకు పంపించు, మన ఆడిటర్ గారూ నేనూ కూర్చుని చూస్తాం, ముఖ్యంగా డెలివరీ లేటైతే నీ వాటా ఎంత తగ్గుతుందని రాశారో ఆ పేజీ.

ఉంటానమ్మా,
మావయ్య