ఇంజంక్షన్ ఉండగానే గోడ కట్టేశారా? ముందు పోస్టు రసీదు వెతుకు

చిన్నా,

నీ ఫోన్ పెట్టేశాక నాకు నిద్ర పట్టలేదురా. స్థలం ఉన్నది ఉన్నట్టే ఉంచాలన్న కోర్టు ఇంజంక్షన్ (స్టేటస్ కో ఆర్డర్) ఉండగానే అవతలివాళ్లు రాత్రికి రాత్రి గోడ లేపేశారంటే ఎవరికైనా కడుపు మండుతుంది. కానీ రేపే వెళ్లి కంటెంప్ట్ (కోర్టు ధిక్కరణ) కేసు వేసేస్తానన్నావు చూడు, అక్కడ కాస్త ఆగు.

వాళ్లు ఆర్డర్ మీరారని చెబితే చాలదు, ఆర్డర్ ఉందని తెలిసీ కావాలనే మీరారని నువ్వు నిరూపించాలి. నా స్థలం కేసులో నేను దెబ్బతిన్నది ఇక్కడే. అవతలివాళ్ల వాదన వినకుండా ఇంజంక్షన్ వస్తే, సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 39 రూల్ 3 ప్రకారం ఆ రోజో మర్నాడో కాగితాల కాపీలు వాళ్ల చేతికిచ్చి గానీ రిజిస్టర్డ్ పోస్టులో పంపి గానీ, అలా చేసినట్టు అఫిడవిట్ వేయాలి. ప్లీడరు గుమాస్తా పంపే ఉంటాడులే అనుకున్నాను, తీరా చూస్తే రసీదే లేదు. వాళ్లు కోర్టులో నిలబడి మాకు ఆర్డర్ సంగతే తెలియదన్నారు, నా పిటిషన్ కొట్టేశారు. ఆ బాధ నీకు రాకూడదనే ఇంత గట్టిగా చెబుతున్నాను.

తర్వాత ఆర్డర్ మళ్లీ ఒకసారి నిదానంగా చదువు. గోడ లేచిన రోజుకి అది అమల్లో ఉందా, వాయిదాల మధ్య పొడిగించడం మరిచిపోయారా అన్నది చూడు, ఎందుకంటే గడువు తీరిన ఆర్డర్‌ని మీరారని అడగలేం. షెడ్యూల్లో (కేసు కాగితాల్లోని స్థలం వివరాల్లో) రాసిన హద్దుల లోపలే గోడ ఉందో లేదో కూడా కొలిపించు.

నీ ఆర్డర్ ఇచ్చింది కింది కోర్టు కాబట్టి అక్కడే అదే కోడ్‌లోని ఆర్డర్ 39 రూల్ 2ఎ కింద పిటిషన్ వేయాలి. ఆస్తి జప్తు చేయొచ్చు, 3 నెలల వరకు సివిల్ జైల్లో పెట్టొచ్చు. హైకోర్టు ఇచ్చిన ఆర్డర్ అయితే 1971 కోర్టు ధిక్కరణ చట్టం, అందులో 6 నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా, కానీ ఆర్డర్ మీరి ఏడాది దాటితే కుదరదు. సరే, వాళ్లు జైలుకి పోతే నీకొచ్చేదేముంది? చాలాసార్లు చేతులు కట్టుకుని క్షమాపణ చెప్పి బయటపడతారు, గోడ మాత్రం అలాగే ఉంటుంది. అందుకే గోడ తీయించి స్థలాన్ని మునుపటిలా చేయించమని వేరే పిటిషన్ కూడా వేయమను, స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి అడ్వొకేట్ కమిషనర్‌ని (కోర్టు నియమించే లాయరుని) వేయమని వెంటనే కోర్టుని అడుగు, ఆయన రిపోర్టుకున్న బలం నీ ఫోన్ ఫొటోలకి ఉండదు. ఫొటోలు దాఖలు చేసినా భారతీయ సాక్ష్య అధినియమ్ (కొత్త సాక్ష్యాల చట్టం) సెక్షన్ 63 కింద సర్టిఫికెట్ కావాలి.

కోపంలో నువ్వే వెళ్లి గోడ కూలగొట్టకు నాన్నా. స్టేటస్ కో ఇద్దరికీ వర్తిస్తుంది, అప్పుడు ధిక్కరణ కేసు నీ మీదే వస్తుంది. వాళ్లు ఆర్డర్ ఎత్తేయమని వెకేట్ పిటిషన్ వేశాం, ఇక ఆర్డర్ లేనట్టే అని బెదిరిస్తే నమ్మకు. కోర్టు కొట్టేసేదాకా ఆర్డర్ ఆర్డరే.

పొద్దున్నే ఆర్డర్ సర్టిఫైడ్ కాపీకి అప్లికేషన్ పెట్టు. ఆ పోస్టు రసీదు దొరికిందో లేదో మాత్రం ముందు నాకు చెప్పు.

మీ పెదనాన్న