నాన్నకు కులం సర్టిఫికెట్ లేదు, నాకు ఎస్టీ సర్టిఫికెట్ వస్తుందా?

ప్రశ్న: మేము యానాదులం. ఆకివీడు దగ్గర చేపల చెరువు గట్టు మీదే కాపురం, కాపలా పని. తాత నెల్లూరు జిల్లా నుంచి వచ్చారు. నాన్న బడి మొహం చూడలేదు, ఆయనకు సర్టిఫికెట్ లేదు. నేను ఇంటర్ పాసయ్యాను. నాన్న సర్టిఫికెట్ తెస్తేనే నాకు ఇస్తామని సచివాలయంలో అంటున్నారు. చర్చికి వెళ్తాం కాబట్టి ఎస్టీ రాదని కూడా అన్నారు. నోటరీ అఫిడవిట్ పెడితే సరిపోతుందా?

జవాబు: సరిపోదమ్మా. అఫిడవిట్ అంటే మీ మాట మీరే కాగితం మీద పెట్టడం. 1993 నాటి కుల ధ్రువపత్రాల చట్టం ప్రకారం రుజువు భారం అడిగినవారి మీదే ఉంటుంది. అయితే నాన్న సర్టిఫికెట్ ఒక్కటే రుజువు కాదు. ఆయన రక్తసంబంధీకుల్లో ఎవరి పాత కాగితమైనా పనికొస్తుంది. పెదనాన్న, బాబాయి, మేనత్త, తాత అన్నదమ్ముల పిల్లలు, ఎవరిదైనా సరే. అమ్మ వైపు వారివి లెక్కకు రావు.

ముందు నెల్లూరు వైపు చుట్టాలను కదిలించండి. వాళ్లలో ఎవరైనా నాలుగో తరగతి దాకా చదివినా, ఆ బడి అడ్మిషన్ రిజిస్టర్‌లో కులం రాసి ఉండవచ్చు. హెడ్‌మాస్టర్ సంతకం, సీలుతో నకలు అడగండి. కులం పేరుతో ఇచ్చిన డి-పట్టా (పేదలకు ప్రభుత్వం కేటాయించిన భూమి పట్టా), ఇంటి స్థలం పట్టా, పాత కుల ధ్రువపత్రం కూడా వెతకండి. కాగితం ఎంత పాతదైతే అంత విలువ. ఆధార్‌లో, ఓటరు జాబితాలో కులం ఉండదు, అవి చుట్టరికం చూపడానికే.

చాలా దరఖాస్తులు ఈ చుట్టరికం దగ్గరే ఆగిపోతాయి. పట్టాలో 'వెంకటయ్య', రేషన్ కార్డులో 'వెంకటేశు', ఆధార్‌లో ఇంటిపేరు ఇంకోలా ఉంటే, ముగ్గురూ ఒక్కరేనని అధికారి ఎలా నమ్ముతారు? అందుకే తాత నుంచి మీ దాకా వంశవృక్షం రాయండి. ప్రతి పేరు పక్కన ఊరు, వరస, దానికి ఆధారమైన కాగితం రాసి, రెండు పేర్లున్న చోట ఆ సంగతీ రాయండి. మీ పదో తరగతి రికార్డులో కులం గడి ఖాళీగా ఉందా, వేరే కులం పడిందా అన్నది దరఖాస్తుకు ముందే చూసుకోండి. అక్కడ తేడా ఉంటే మిగతా కాగితాలన్నీ అనుమానంలో పడతాయి.

విచారణకు గ్రామ రెవెన్యూ అధికారి (వీఆర్వో) వచ్చేసరికి గట్టు మీద ఎవరూ లేకపోతే 'దొరకలేదు' అని రాసేస్తారు. వీఆర్వోను కలిసి రోజు ఖాయం చేసుకోండి. మీ తెగ పెద్దలు ఇద్దరు ముగ్గురు, ఊళ్లో వేరే కులం వారొకరు వాంగ్మూలం ఇచ్చేలా చూసుకోండి. 'మీ మాట, వేషం యానాదుల్లా లేవు' అంటే బెదరకండి. ఆచార వ్యవహారాల పోలిక ఒక్కటే గీటురాయి కాదని 2023 మార్చిలో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. రెండు తరాలుగా చెరువుల మీద బతికే కుటుంబానికి ఈ తీర్పు చాలా ముఖ్యం.

క్రైస్తవంలోకి మారితే హోదా పోతుందన్నది ఎస్సీల నిబంధన. 1950 నాటి ఎస్టీ ఉత్తర్వులో అలాంటి షరతు లేదు. తెగతో సంబంధాలు పూర్తిగా తెంచుకున్నారా అన్నది మాత్రం చూస్తారు. పెళ్లిళ్లు, రాకపోకలు మీవాళ్లతోనే సాగుతుంటే ఆ మాట వాంగ్మూలంలో రాయించండి. తాత వలస వచ్చారన్నదీ అడ్డు కాదు. నెల్లూరూ ఈ రాష్ట్రంలోదే, యానాది తెగ మన ఎస్టీ జాబితాలో ఉంది.

నోటితో 'రాదు' అంటే వెనక్కి రాకండి. కారణాలతో రాతపూర్వక ఉత్తర్వు ఇవ్వమని అడగండి, అప్పీలుకు అదే ఆధారం. అది అందిన రోజు నుంచి 30 రోజుల్లో అప్పీలు వేయాలి, తేదీ రాసిపెట్టుకోండి. డబ్బుకు సర్టిఫికెట్ తెస్తామనే దళారీల జోలికి పోవద్దు. దొంగ పత్రానికి జైలు శిక్ష ఉంది, దానితో వచ్చిన సీటూ పోతుంది.

వకీలు ఫీజు గురించి భయపడకండి. భీమవరం కోర్టులోని న్యాయ సేవా కమిటీలో ఉచితంగా న్యాయవాదిని అడగవచ్చు. మహిళలకు ఆదాయంతో పని లేకుండా 1987 చట్టం ఆ హక్కు ఇచ్చింది కాబట్టి, అక్కడ మీరు ఎస్టీ అని రుజువు చూపించాల్సిన పని కూడా లేదు.