మేనకోడలికి, విదేశీ షేర్ల గురించి

కాశీబుగ్గ

అమ్మలూ,

నువ్వు పంపిన లిస్టు చూశాను. నాస్‌డాక్ ఫండు ఒకటి, ఎస్ అండ్ పీ 500 ఫండు ఒకటి (రెండూ అమెరికా షేర్ల సూచీలను అనుసరించేవే), విడిగా ఐదు అమెరికా కంపెనీల షేర్లు, వాటి కింద మీ ఆఫీసు వాళ్లిచ్చిన షేర్లు. "ప్రపంచమంతా పెట్టేశాను మావయ్యా, ఇంక రిస్కేటి?" అని అడిగావు. నువ్వు పెట్టింది ప్రపంచమంతా కాదమ్మా, ఒక్క దేశంలో. ఆ దేశంలోనూ దాదాపు ఒక్క రంగంలో, టెక్నాలజీలో. నీకు జీతమిచ్చేదీ ఆ రంగమే. రేపు దానికి గడ్డుకాలం వస్తే మీ కంపెనీ షేరు పడుతుంది, బోనస్ ఆగుతుంది, ఉద్యోగానికి ఎసరొస్తుంది. ఆ ఐదు కంపెనీలూ అదే వారంలో పడతాయి.

మీ తాతగారికి ఆస్తి తక్కువేం కాదు. కొబ్బరి తోట, జీడి తోట, ఇల్లు, ఊళ్లో ఇచ్చిన అప్పులు. 2018 అక్టోబరు 11న తిత్లీ తుఫాను వచ్చినప్పుడు ఆ తోటలు ఒరిగిపోయాయి. అప్పు తీసుకున్నవాళ్ల తోటలూ ఒరిగిపోయాయి, ఇక బాకీ ఎవరు తీరుస్తారు? నాలుగు రకాల ఆస్తి అనుకున్నాం గానీ అన్నీ మన ఈ ఉద్దానం ప్రాంతంలోనే ఉన్నాయి. నీ లిస్టు చూడగానే నాకు గుర్తొచ్చింది అదే.

అందుకని కొత్తగా ఏమీ కొనకముందు ఒక కాగితం తియ్యి. నీకున్నవన్నీ రాయి: జీతం, పీఎఫ్, ఫ్లాటు, బంగారం, ఇక్కడి ఫండ్లు, అక్కడి షేర్లు. ఒక్కోదాని ఎదురుగా అది ఏ దేశానిది, ఏ కరెన్సీది, ఏ రంగం బాగుంటే బాగుంటుంది అని రాయి. జీతం నీకు రూపాయల్లో పడుతున్నా, అది ఆధారపడింది అమెరికా టెక్నాలజీ కంపెనీల మీద. ఆ వరసలోనే వెయ్యి. కాగితం పూర్తయ్యాక మీ కంపెనీ షేర్లు మొత్తం ఆస్తిలో పదో వంతు దాటాయని తేలితే, దాటినంత మేర అమ్మెయ్యి. అవి నీ పేరు మీదకి వచ్చిన రోజునే వాటి విలువను జీతంగా లెక్కగట్టి పన్ను కోసేశారు కదా, వెంటనే అమ్మితే లాభం మీద పన్ను పెద్దగా ఉండదు. "మన కంపెనీ షేరు అమ్ముకుంటామా" అనే మొహమాటం మాత్రం వద్దు. కంపెనీకి అలాంటి మొహమాటాలుండవు.

బయటి దేశాల్లో మొత్తంగా ఎంత ఉండాలంటావా, నా లెక్కలో ఐదో వంతు చాలు. నీ ఖర్చులు ఇక్కడ, రూపాయల్లో. పాపని బయట చదివించాలని గట్టిగా అనుకుంటే అప్పుడు వేరు. ఆ ఫీజు డాలర్లలో కట్టాలి కాబట్టి ఆ మేరకు డాలర్లలో దాచుకోవడం రిస్కు కాదు, రిస్కు తగ్గించుకోవడం.

ఇక రూపాయి సంగతి. బ్యాంకులో ఫారెక్స్ (విదేశీ మారకం) సీట్లో కూర్చున్నవాడిని కాబట్టి దీని మీద కాస్త ఎక్కువ చెబుతాను, ఓపిగ్గా చదువు. పలాస జీడి వ్యాపారులు ఆఫ్రికా నుంచి పిక్కలు తెప్పించుకుంటారని నీకు తెలుసు. డాలర్లలో బేరం, ఎల్‌సీ (డబ్బు కడతామని బ్యాంకు ఇచ్చే హామీ పత్రం) తెరవడం, కొన్ని నెలలకి డబ్బు కట్టడం. 2013 మే మొదట్లో డాలరు 54 రూపాయల దగ్గరుంది. ఆగస్టు 28న 68 దాటింది. లక్ష డాలర్ల సరుకుకి మేలో 54 లక్షలని లెక్కేసుకున్నవాడు ఆగస్టులో 68 లక్షలు కట్టాలి. పిక్క అదే, పప్పు అదే. ముందే ఫార్వర్డ్ బుక్ చేసుకున్నవాళ్లు, అంటే తర్వాత కొనే డాలరుకి ముందే రేటు ఖాయం చేసుకున్నవాళ్లు, నిబ్బరంగా ఉన్నారు. చేసుకోనివాళ్లు రోజూ ఉదయాన్నే కౌంటరు దగ్గరికొచ్చి రేటు అడిగేవారు.

ఇది విని "చూశావా, డాలర్లలో పెడితే లాభమే" అంటావు. అందరూ అదే అంటారు. కానీ 2002లో 49 దగ్గరున్న డాలరు 2007 చివరికి 39కి దిగింది. ఆ ఐదేళ్లూ డాలర్లు పట్టుకు కూర్చున్నవాడికి కరెన్సీలోనే ఐదో వంతు పోయింది. రూపాయి దీర్ఘకాలంలో నెమ్మదిగా పడుతూ వచ్చిందన్నది నిజమే. ఇక్కడి ధరలు అక్కడికన్నా వేగంగా పెరగడమే దానికి పెద్ద కారణం. కానీ నీకు డబ్బు కావలసిన ఏడాదే అది పడి ఉంటుందని ఎవరూ రాసివ్వలేరు. వ్యాపారిలాగా నువ్వు ఫార్వర్డ్లు, హెడ్జింగూ (రేటు మార్పు నుంచి కాచుకునే ఏర్పాట్లు) చేయక్కర్లేదు. పదేళ్ల దాకా ముట్టని డబ్బుకి ఆ ఖర్చు దండగ. మూడేళ్లలో కావలసిన డబ్బైతే అసలు బయటికే పంపకు.

అమెరికా ఎప్పుడూ పెరుగుతుందన్న ధీమా ఇప్పుడు మీ వయసు వాళ్లందరిలోనూ కనిపిస్తోంది. 1999 చివర ఎస్ అండ్ పీ 500 సూచీ 1469. పదేళ్ల తర్వాత, 2009 చివర, 1115. నాస్‌డాక్ 2000 మార్చిలో ఎక్కిన శిఖరాన్ని మళ్లీ అందుకోవడానికి 2015 వచ్చింది. జపాను కథ ఇంకా పెద్దది. నిక్కీ సూచీ 1989 డిసెంబరు 29న 38,915 దగ్గర ముగిసింది, దాన్ని తిరిగి దాటింది 2024 ఫిబ్రవరి 22న. ముప్పై నాలుగేళ్లు! ఈలోగా టొయోటా మూతపడలేదు, సోనీ మూతపడలేదు. కంపెనీలు మంచివే, కొన్నవాళ్లు పెట్టిన ధర మంచిది కాదు. అందుకే అమెరికాతో పాటు యూరప్, జపాన్ కంపెనీలు కూడా ఉండే ప్రపంచ సూచీ ఫండు ఒకటి కొనుక్కోమంటాను. అందులోనూ అరవై శాతం పైన అమెరికాయే ఉంటుంది, నీకు అమెరికా తక్కువవుతుందన్న బెంగ అక్కర్లేదు.

రష్యా సంగతి వేరే రకం. అక్కడ 2022కి ముందు షేర్లు చవక, డివిడెండ్లు ఘనం. యుద్ధం మొదలవగానే మాస్కో ఎక్స్ఛేంజి మూసేశారు, విదేశీయులు అమ్ముకోవడానికి వీల్లేకుండా పోయింది. ప్రపంచ షేర్ల సూచీలు తయారుచేసే ఎంఎస్‌సీఐ సంస్థ మార్చి 9న తన సూచీల నుంచి రష్యా షేర్లను దాదాపు సున్నా ధర కట్టి తీసేసింది. అమ్మే దారే మూసుకుపోయాక కంపెనీ లాభం ఎంతైతే ఏం లాభం? "ఫలానా దేశం చవకగా ఉంది" అని ఎవరైనా చెబితే, ఆ దేశం నుంచి డబ్బు వెనక్కి తెచ్చుకునే దారిని ముందు అడుగు.

ఇన్ని దేశాల్లో పంచినా భయం పట్టుకున్న నెలల్లో అన్నీ కలిసే పడతాయి. 2008లో అదే అయింది. ఆ ఏడాది అమెరికా మార్కెట్టు మూడో వంతుకు పైగా పోతే, మన సెన్సెక్స్ సగానికి పైగా పోయింది. నార్వే ప్రభుత్వం తన చమురు డబ్బుని ఒక పెద్ద ఫండులో పెట్టి మొత్తం దేశం బయటే మదుపు చేస్తుంది. ఆ ఫండు కూడా ఆ ఏడాది 23.3 శాతం పోగొట్టుకుంది. అయినా షేర్ల వాటాని 60 శాతానికి పెంచాలన్న ముందటి నిర్ణయం మార్చుకోకుండా కొంటూనే పోయింది, మరుసటి ఏడాది 25.6 శాతం సంపాదించింది. నార్వేకి ఉద్యోగం పోతుందన్న భయం లేదనుకో. నీకుంది. కాబట్టి ఏడాది ఖర్చులకి సరిపడా డబ్బు ఇక్కడ, రూపాయల్లో, ఫిక్స్‌డ్ డిపాజిట్లో ఉంచు. ఏడాదికోసారి మాత్రం ఆ కాగితం తీసి, పెరిగిపోయినదాన్ని కొంత అమ్మి తగ్గినదాంట్లో వెయ్యి. రోజూ రాత్రి ఫోన్లో అమెరికా మార్కెట్టు చూడటం మానెయ్యి, నిద్రైనా మిగులుతుంది.

డబ్బు పంపే దారి గురించి. ఆర్‌బీఐ ఎల్‌ఆర్‌ఎస్ పథకం కింద మనిషికి ఏడాదికి రెండున్నర లక్షల డాలర్ల దాకా పంపుకోవచ్చు. ఇప్పుడున్న నిబంధన ప్రకారం ఏడాదిలో పది లక్షల రూపాయలు దాటిన మొత్తం మీద బ్యాంకు 20 శాతం టీసీఎస్ (పంపేటప్పుడే పట్టుకునే పన్ను) వసూలు చేస్తుంది. అది నీ పన్నులో జమ అయ్యేదే, ఆఫీసులో చెబితే జీతంలో కోసే టీడీఎస్‌లో సర్దుతారు. కంగారు పడకు గానీ ఆ డబ్బు కొన్నాళ్లు చేతిలో ఉండదని గుర్తుంచుకో. బ్యాంకు చెప్పే ఛార్జీ చూసి మోసపోకు. అసలు ఖర్చు రేటులో ఉంటుంది. ఆ పూట మార్కెట్టు రేటుకీ, నీకు వేసిన టీటీ సెల్లింగ్ రేటుకీ (బ్యాంకు నీకు డాలరు అమ్మే రేటు) తేడా ఎంతో లెక్కగట్టు. అది డాలరుకి రూపాయి పైన ఉంటే బేరమాడు. ఆడితే తగ్గిస్తారు, నేను సీటుకి అవతలివైపు నుంచి చెబుతున్నాను.

ఇక్కడి మ్యూచువల్ ఫండు ద్వారా వెళ్లడం ఇంకా సులువు. దానికీ ఒక చిక్కుంది: ఫండ్లన్నీ కలిపి విదేశీ షేర్లలో 700 కోట్ల డాలర్లకు మించి పెట్టకూడదన్న పరిమితి 2022 మొదట్లో నిండిపోయి, చాలా ఫండ్లు కొత్త డబ్బు తీసుకోవడం ఆపేశాయి. అలాంటప్పుడు ఎక్స్ఛేంజిలో షేర్లలా దొరికే ఈటీఎఫ్ ఫండ్ల కోసం జనం ఎగబడి, ఉన్న విలువ కన్నా ఎక్కువ ధర పెడుతుంటారు. కొనే ముందు దాని ఎన్‌ఏవీ (ఒక్కో యూనిట్ అసలు విలువ) చూడు, తేడా రెండు మూడు శాతం ఉంటే ఆ రోజు ఊరుకో.

ఇప్పుడు నీకు ఎవరూ చెప్పని విషయం. అమెరికా కంపెనీ షేర్లు నీ పేరున 60,000 డాలర్లకు మించి ఉండగా నీకేమైనా అయితే (తిట్టుకోకు, బ్యాంకువాడిని, నామినీ లేని ఖాతాలు చాలా చూశాను) ఆ పైనున్న దాని మీద అక్కడి ప్రభుత్వం వారసత్వ పన్ను వేస్తుంది, 40 శాతం దాకా. మనకిక్కడ 1985లోనే ఆ పన్ను పోయింది, అందుకే ఎవరికీ గుర్తు రాదు. మీ కంపెనీ ఇచ్చిన షేర్లూ ఆ లెక్కలోకే వస్తాయి. ఐర్లాండులో రిజిస్టరైన ఫండ్లకీ, మన మ్యూచువల్ ఫండ్లకీ ఈ బెడద లేదు. అందుకే విడి షేర్లు తగ్గించమంటున్నాను. ఏ బ్రోకరు, ఏ ఖాతా, ఎవరికి ఫోన్ చెయ్యాలి, అన్నీ తెలుగులో ఒక పేజీ రాసి మా అప్ప దగ్గరా (అదే, మీ అమ్మ దగ్గర), అల్లుడిగారి దగ్గరా పెట్టు. అప్ప ఆ అమెరికా కస్టమర్ కేర్‌తో మాట్లాడటం నేను ఊహించలేను.

మీ తమ్ముడు గ్రూపులో పెట్టిన ఫారెక్స్ ట్రేడింగ్ యాప్ సంగతి కూడా వాడికి నువ్వే చెప్పు, నా మాట వినడు. మార్జిన్ (మొత్తంలో కొంత భాగం మాత్రమే ముందుగా) కట్టి విదేశీ ఫారెక్స్ ట్రేడింగ్ చెయ్యడానికి డబ్బు పంపడం ఎల్‌ఆర్‌ఎస్‌లో కుదరదు. ఆర్‌బీఐ అలాంటి అనుమతి లేని యాప్‌ల పేర్లతో హెచ్చరిక జాబితా పెట్టింది, దాంట్లో చూసుకోమను. జాబితాలో లేకపోయినా మంచిదని కాదు.

పన్నులు క్లుప్తంగా చెబుతాను, మిగతాది మీ ఆడిటరు చూసుకుంటాడు. విదేశీ షేరు రెండేళ్లు దాటాక అమ్మితే లాభం మీద 12.5 శాతం, అంతకు ముందైతే నీ స్లాబు ప్రకారం. అమెరికా డివిడెండులో అక్కడే 25 శాతం కోస్తారు, ఇక్కడ దాన్ని జమ చూపించుకోవచ్చు. అమ్మిన డాలర్లు మళ్లీ పెట్టకుండా అక్కడ ఊరికే ఉంచితే 180 రోజుల్లోపు వెనక్కి తెచ్చుకోవాలి. రిటర్నులో షెడ్యూల్ ఎఫ్ఏ (విదేశీ ఆస్తుల పట్టిక) నింపడం మరిచిపోకు, ఒక్క షేరున్నా నింపాలి, ఐటీఆర్-1 ఫారం పనికిరాదు. ఇల్లు, భూమి కాక 20 లక్షలకు మించిన విదేశీ ఆస్తి చూపకపోతే పది లక్షల జరిమానా వేసే చట్టం ఉంది, అక్కడి వివరాలు మన ఆదాయపు పన్ను శాఖకి నేరుగా వస్తూనే ఉంటాయి. ఆ షెడ్యూలుకి లెక్క మన మార్చితో కాదు, జనవరి నుంచి డిసెంబరు దాకా. కాబట్టి బ్రోకరు దగ్గర్నుంచి డిసెంబరు 31 స్టేట్‌మెంటు జనవరిలోనే దించుకుని నాకు ఒక కాపీ పంపు.

మీ మావయ్య