క్యాష్ (cache) పెట్టేముందు మా రొయ్యల బిల్లు గొడవ వినండి

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇదీ: ఫారంలో ఒక గడి మారితే దాని మీద ఆధారపడ్డ మొత్తాలన్నీ వాటంతటవే మళ్లీ లెక్కవుతున్నాయి, స్క్రీన్ నత్తనడక నడుస్తోంది, లెక్కేసిన విలువల్ని క్యాష్‌లో, అంటే ఒకసారి లెక్కేసింది మళ్లీ వాడుకోడానికి దాచిపెట్టే చోట, దాచుకోవచ్చా అని. దాచుకోవచ్చు. కాకపోతే ఇదే పని నేను కావలి దగ్గర ఒక రొయ్యల వ్యాపారి బిల్లింగ్ సాఫ్ట్‌వేర్‌లో చేసి బాగా తిట్లు తిన్నాను.

తెలియనివాళ్లకి: కౌంట్ అంటే కిలోకి ఎన్ని రొయ్యలు తూగుతాయో ఆ సంఖ్య. కౌంట్ తగ్గేకొద్దీ రొయ్య పెద్దది, ధర ఎక్కువ. తూకం, కౌంట్, ఆ రోజు రేటు కలిస్తే బిల్లు మొత్తం. అందులోంచి తరుగు, మేత బాకీ పోగా మిగిలింది రైతుకి.

మొదట్లో తూకం కొట్టగానే కిందివన్నీ అప్పటికప్పుడు లెక్కయ్యేవి. తూకం మారితే మొత్తమూ మారుతుంది, తరుగూ మారుతుంది, నికరమేమో ఆ రెండింటి మీదా ఆధారపడి ఉంది. దాంతో కొత్త మొత్తం, పాత తరుగుతో ఒకసారి, తరుగు కూడా మారాక ఇంకోసారి, నికరం రెండుసార్లు లెక్కయ్యేది. స్లో సంగతి అటుంచండి, నికరం మారినప్పుడల్లా రైతుకి మెసేజ్ వెళ్లేలా పెట్టాం మహా తెలివిగా! ఒక పెద్దాయన గుంట గట్టు మీంచే ఫోన్ చేసి "ఏందబ్బయ్యా, ఒక లోడుకి రెండు లెక్కలా?" అన్నాడు.

అప్పుడు మార్చిన పద్ధతే మీకూ చెప్తాను. విలువ మారినప్పుడు కింద దేన్నీ లెక్కెయ్యొద్దు, 'పాతబడింది' అని గుర్తు మాత్రం పెట్టండి. ఎవరైనా నికరం అడిగినప్పుడు, గుర్తు ఉంటే పైవాటిని అడుక్కుంటూ వెళ్లి ఒక్కసారి లెక్కేసి దాచుకోండి, లేకపోతే దాచిందే ఇచ్చెయ్యండి. మెసేజ్ లాంటివి బిల్లు సేవ్ అయ్యాకే పంపండి, లెక్క మధ్యలో కాదు. ఈ వరస గొడవ కొత్తదేం కాదు లెండి, 1979 నాటి విసికాల్క్ అనే స్ప్రెడ్‌షీట్ ప్రోగ్రాం గడుల్ని అడ్డంగానో నిలువుగానో వరసగా లెక్కేసేది కాబట్టి ముందున్న ఫార్ములా వెనకున్న గడిని వాడుకుంటే తప్పు వచ్చేది, మళ్లీ ఒకసారి లెక్కేయిస్తే గానీ సరయ్యేది కాదు. 1983లో లోటస్ 1-2-3 అనే ఇంకో స్ప్రెడ్‌షీట్ ఏది దేని మీద ఆధారపడిందో చూసుకుని ఆ వరసలో లెక్కేసింది.

అసలు దెబ్బ తరవాత తగిలింది. మా క్యాష్‌కి తూకం, కౌంట్ మారితే తెలిసేది. రేటు మాత్రం లెక్కేసే ఫంక్షన్ లోపల ఒక గ్లోబల్ (ప్రోగ్రాం అంతటికీ ఉమ్మడి) పట్టికలోంచి తీసుకుంటున్నాం, అది మారిన సంగతి క్యాష్‌కి చెప్పేవాళ్లే లేరు. రేటు పడిన పొద్దున, రాత్రి తెరిచి ఉంచిన బిల్లులన్నీ నిన్నటి రేటుకే ప్రింటయ్యాయి. రైతులు సంతోషించారు, ఓనరు కాదు.

కాబట్టి కోడ్ ముట్టుకునేముందు కాగితం మీద రాసుకోండి, ఈ విలువ ఏమేం చూస్తోందని. ఇవాళ్టి తేదీ కూడా అందులోకే వస్తుంది. వెబ్ స్క్రీన్లు కట్టే వ్యూ (Vue) లైబ్రరీలో, లెక్కేసిన విలువని దాచుకునే కంప్యూటెడ్ (computed) లోపల ఇప్పటి సమయం ఇచ్చే డేట్ నౌ (Date.now) రాస్తే అది దానంతటది ఎప్పటికీ మారదు, ఎందుకంటే గడియారం వ్యూ గమనించే విలువ కాదు. అలాంటిదే ఇంకో లైబ్రరీ రియాక్ట్ (React), అందులో ఇదే పని చేసే యూజ్‌మెమో (useMemo) ఏమేం మారితే మళ్లీ లెక్కెయ్యాలో మీరిచ్చిన జాబితానే నమ్ముతుంది, అందులో ఉన్న అర్రేలోకి (విలువల వరసలోకి) ఊరికే కొత్త విలువ పుష్ చేస్తే అదే పాత అర్రే అనుకుని ఊరుకుంటుంది.

ఇంకొకటి, దీని మీద మా ఆఫీసులో ఒక పూటంతా వాదన జరిగింది. రేటుని సరిగ్గా కలిపేసిన ఉత్సాహంలో పోయిన నెల బిల్లులు కూడా కొత్త రేటుతో లెక్కవడం మొదలైంది. డబ్బు ఇచ్చేసిన బిల్లు క్యాష్‌లో దాచి మళ్లీ లెక్కేసే విలువ కాదు, అది జరిగిపోయిన లావాదేవీ. సేవ్ నొక్కగానే ఆ రోజు రేటుతో సహా అన్ని అంకెల్నీ మామూలు కాలమ్స్‌లో రాసేసి, ఇక దాన్ని ఏ లెక్కకీ తగిలించకండి. మీ ఫారంలో అలాంటివి ఏమున్నాయో చెప్తే మిగతాది చూద్దాం.