వాటర్‌వర్క్స్ ఇంజనీరు ఊరి చరిత్ర రాసేవాడు ఎలా అవుతాడు?

"నీటి సరఫరాలో పనిచేసి రిటైరైన ఇంజనీర్లు కొందరు స్థానిక చరిత్ర రాస్తుంటారు. ఈ రెండింటికీ పొత్తు ఎలా కుదిరింది? రిటైరయ్యాక ఆ బతుకు ఎలా ఉంటుంది?" అని అడిగారు. హైదరాబాదులో ఆ ఉద్యోగమే చేసి ఇప్పుడు ఈ పనిలో ఉన్నవాణ్ణి కాబట్టి నాకు తెలిసింది చెబుతాను.

ఇది రిటైరయ్యాక పట్టుకున్న సరదా కాదండీ, ఉద్యోగంలోనే అంటుకున్న రోగం. పాతబస్తీలో లీకేజీ పట్టాలంటే ముందు ఆ లైను ఏ కాలంలో వేశారో తెలియాలి. కాలాన్నిబట్టి పైపు మారుతుంది, లోతు మారుతుంది, జాయింటు మారుతుంది. పోత ఇనుప పైపుకి జనపనార కుక్కి, కరిగించిన సీసం పోసిన జాయింటు బయటపడిందంటే పాత లైను దొరికినట్టే. కాగితం మీద లైను ఒకచోట, గుంత తవ్వితే పైపు ఇంకోచోట. అప్పుడు దిక్కు ఆ ఏరియా పైపులూ వాల్వులూ చూసుకునే లైన్‌మనే. "మా నాయిన ఉన్నప్పుడు ఈడ వాల్వు ఉండె సార్, రోడ్డేసినప్పుడు కప్పెట్టిన్రు" అనేవాడు. తవ్వితే ఉండేది! తండ్రి తర్వాత కొడుకు అదే పనిలోకి వచ్చిన ఇళ్ళు ఉండేవి. వాళ్ళు చెప్పింది నోటుబుక్కులో రాసుకోవడం డ్యూటీ కోసమే మొదలుపెట్టాను. ఇప్పుడు నా పెట్టుబడి ఆ నోటుబుక్కులే.

రెండోది లెవెళ్ళ పిచ్చి. ఉస్మాన్‌సాగర్, అంటే మన గండిపేట, నిండు మట్టం సముద్రమట్టానికి 1790 అడుగులు. హిమాయత్‌సాగర్‌ది 1763.5. గండిపేట నీళ్ళు పంపు అక్కర్లేకుండా వాటం మీదే కాలువలో ఆసిఫ్‌నగర్ ఫిల్టర్ బెడ్లకు వస్తాయి. అదే కృష్ణా నీళ్ళయితే నల్గొండ జిల్లా అక్కంపల్లి జలాశయం నుంచి కోదండాపూర్ మీదుగా వంద కిలోమీటర్లకు పైగా ఎత్తిపోసుకుంటూ తేవాలి. ఏ బస్తీకి నీళ్ళు వాటంగా దిగుతాయి, ఏ గుట్టమీదికి పంపు పెట్టి ఎక్కించాలి అన్నది తెలిసినవాడికి ఊరు ఎదిగిన తీరు ఇంకోలా కనిపిస్తుంది. నవాబుల వంశవృక్షాలు నాకు ఇప్పటికీ గుర్తుండవు, చెప్పొద్దూ.

1908 సెప్టెంబరు 28 మూసీ వరదనే తీసుకోండి. ఎవరు రాసినా ఉస్మానియా ఆసుపత్రి దగ్గరి చింతచెట్టు ఎక్కి 150 మంది బతికిన సంగతి రాస్తారు. రాయాల్సిందే. నాకు మాత్రం ముందు, అంత నీరు ఎక్కణ్ణుంచి వచ్చిందన్న ప్రశ్న వస్తుంది. శంషాబాదులో 24 గంటల్లో 12.8 అంగుళాల వాన పడింది. కానీ ఊరిని ముంచింది వాన ఒక్కటే కాదు. మూసీ, ఈసీ నదుల ఎగువన ఉన్న 788 చెరువుల్లో 221 తెగాయి. అవన్నీ గొలుసుకట్టు చెరువులు. పై చెరువు తెగితే ఆ నీళ్ళన్నీ ఒక్కసారిగా కింది చెరువులో పడతాయి, అలుగు చాలదు, కట్ట మీదుగా పొర్లుతుంది. పొర్లిన మట్టికట్ట ఇక నిలవదు. అది దాని కింది చెరువును తెంపుతుంది. నగరంలో అఫ్జల్, ముసల్లం జంగ్, చాదర్‌ఘాట్ వంతెనలు కొట్టుకుపోగా 1578లో కట్టిన పురానాపూల్ నిలబడింది.

రిటైరయ్యాక నేను ఎక్కువగా తిరిగింది ఆ ఎగువ చెరువుల మీదే. కట్టలో తర్వాత పోసిన మట్టి ఎక్కడుందో, తూము ఎందుకు పక్కకు జరిపారో ఊళ్ళో పెద్దమనుషులు నడిపించి చూపిస్తారు. కొన్నిచోట్ల చెరువు లేదు, వెంచరుంది. దాని కమాను మీద 'లేక్ వ్యూ' అని రాసుంటుంది, అదో తృప్తి.

కాగితాల పని వేరే. నిజాం కాలపు ఫైళ్ళు తార్నాక ఆర్కైవ్స్‌లో ఉంటాయి, చాలావరకు ఉర్దూలో. మాట్లాడటం ఎలాగూ వచ్చు, చదవడం అరవై దాటాక నేర్చుకున్నాను. అచ్చులో ఉంటే ఇప్పుడు ఇబ్బంది లేదు, గుమాస్తాల చేతిరాత మాత్రం ఇప్పటికీ చెమటలు పట్టిస్తుంది. తేదీలు ఫసలీలో, అంటే శిస్తు లెక్కల కోసం వాడిన సంవత్సరంలో ఉంటాయి. 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం వస్తుందని అందరూ చెబుతారు గానీ సగం లెక్క అది. హైదరాబాదు ఫసలీ అక్టోబరు మొదట్లో మొదలయ్యేది. అందుకే వరద వచ్చింది 1317 ఫసలీ చివర్లో. ఉత్తినే 590 కలిపితే 1907 అవుతుంది! ఆంధ్ర జిల్లాల ఫసలీ మళ్ళీ వేరు, అది జూలై 1న మొదలు. రెండు ప్రాంతాల రికార్డులూ చూసేవాళ్ళు ఇది గోడమీద రాసి పెట్టుకోవాలి.

ఇక వాదనలు. "గండిపేట కట్టింది విశ్వేశ్వరయ్య" అని ఏ సభలో అన్నా నేను చెయ్యెత్తుతాను. 1909లో ఆయన వచ్చి, ఎగువన రెండు జలాశయాలు కట్టి వరదను ఆపాలని పథకం ఇచ్చారు. ఆ పథకం గొప్పదే. కానీ ఆ నవంబరులోనే ఆయన మైసూరుకు చీఫ్ ఇంజనీరుగా వెళ్ళారు, 1912 నుంచి 1918 దాకా అక్కడ దివాను. ఉస్మాన్‌సాగర్ పూర్తయింది 1920లో, హిమాయత్‌సాగర్ 1927లో. కట్ట మీద ఏళ్ళ తరబడి నిలబడి రాయి పేర్పించినవాళ్ళు ఇక్కడి ఇంజనీర్లు, మేస్త్రీలు, కూలీలు. వాళ్ళ పేర్లు ఒక్కొక్కటీ వెతకడమే మాలాంటివాళ్ళ పని. సభలో ఎవరికీ నచ్చదనుకోండి.

బతుకు ఎలా ఉంటుందన్నారు. డబ్బు రాదు, పోతుంది. "మీ పెన్షను మీద బతికేది మనమా, జిరాక్సు షాపువాడా?" అంటుంది మా ఆవిడ. పుస్తకం సొంత ఖర్చుతో వేసుకుని, పెళ్ళిళ్ళకు వెళ్ళినప్పుడు పంచాలి. చదివినవాళ్ళు ఫోన్ చేసి వాళ్ళ తాతగారి పేరు ఎందుకు లేదని అడుగుతారు. అవి నయం. అసలు తలనొప్పి భూముల వాళ్ళతో. ఫలానా చోట చెరువు శిఖం, అంటే నీళ్ళు నిలిచే నేల, లేదని రాసిమ్మంటారు, మర్యాదగానే. 1996 నాటి 111 జీవో ఈ జంట జలాశయాల చుట్టూ 10 కిలోమీటర్ల దాకా కట్టడాల మీద ఆంక్షలు పెట్టింది, 2022లో వాటిని ఎత్తేస్తూ ఇంకో జీవో వచ్చింది. అందుకే అటువైపు పాత నక్షాకి మంచి గిరాకీ. కాఫీ ఇచ్చి, నక్షా చూపించి పంపేస్తాను. సంతకం మాత్రం చెయ్యను.

మీకూ ఈ పని మీద మనసుంటే ఆర్కైవ్స్ కన్నా ముందు మీ ఏరియా పాత లైన్‌మన్లను కలవండి. ఫైళ్ళు ఇంకో పదేళ్ళయినా అక్కడే ఉంటాయి, వీళ్ళు రిటైరై సొంతూళ్ళకు వెళ్ళిపోతున్నారు. ఏ సంవత్సరం అని అడక్కండి, చెప్పలేరు. "అప్పటికి మంజీరా నీళ్ళు వచ్చాయా?" అని అడగండి. వచ్చాయంటే 1965 తర్వాతి మాట. కృష్ణా రాకముందు అంటే 2004కి ముందు. అలా రెండు వైపులా బిగించుకుంటూ వస్తే తేదీ తేలుతుంది.