ఒగ్గు కథ దగ్గర కెమెరా పట్టే బిడ్డకు

బిడ్డా,

ఒగ్గు కథ, అంటే డోలు దరువు మీద మల్లన్న లాంటి దేవుళ్ల కథ, పాడి చెప్పే కురుమల మధ్య ఉండి డాక్యుమెంటరీ తీస్తానని రాశావు. వ్యాఖ్యానం లేకుండా, జరిగేది జరిగినట్టే చూపాలన్న నీ పట్టుదల నాకు నచ్చింది. అయితే ఈ పద్ధతికి కన్ను కంటే ముందు చెవి కావాలి.

అందరూ ప్రధాన కథకుడి మీదే కెమెరా పెడతారు. నువ్వు పక్కనుండి ఆయన మాటకు వంత పాడే వంతవాణ్ణి వదలకు. ఈ వంతవాడు అందుకునే తీరును బట్టే కథ ఉరకడమో నిదానించడమో జరుగుతుంది. ఇద్దర్నీ ఒకే ఫ్రేములో ఉంచి షాటు సాగనివ్వు. దూరం నుంచి జూమ్ చేస్తే మొహాలు దొరుకుతాయి గానీ, వాళ్ల మధ్య నడిచే సైగలు దొరకవు. వైడ్ లెన్సు పెట్టి దగ్గరికి పో.

16 ఎంఎం రోజుల్లో 400 అడుగుల రీలు 11 నిమిషాలకే అయిపోయేది. నీకా ఇబ్బంది లేదు కదా, కథ ముగిసిందని కెమెరా ఆపెయ్యకు. డోలు దింపి చెమట తుడుచుకుంటూ, "అక్కడ దరువు తొందరపడ్డది" అని పెద్దాయన కుర్రవాణ్ణి దిద్దేది అప్పుడే. చుక్క సత్తయ్య, మిద్దె రాములు లాంటి పెద్దలను వేదికల మీద చాలామందే చూశారు. ఆ విద్య ఒకరి నుంచి ఒకరికి అందే గడియలే మనకు తక్కువ మిగిలాయి. నీ సినిమా అక్కడుంది.

పట్నం, అంటే దేవుడి పూజకు నేల మీద వేసే రంగుల ముగ్గు, వేసేటప్పుడు మాత్రం మరీ జాగ్రత్త. పసుపు, కుంకుమ, ఆకుపొడి వేళ్ల సందుల్లోంచి సన్నగా జారుతూ గీతలవుతాయి. ముగ్గు నిండాక, పూజ చేసి, దాన్ని తొక్కేస్తారు. "ఇంకోసారి" అనడానికి లేదు, అనకూడదు కూడా. ఎక్కడ నిలబడితే వాళ్ల దారికి అడ్డం రావో ముందే అడుగు. మొదటిసారే కొమురవెల్లి మల్లన్న గుడి దగ్గర వేసే పెద్దపట్నానికి పోకు, ఆ జనంలో నీకు ఊపిరాడదు. ఎవరింట్లోనైనా మల్లన్న పట్నాలు వేస్తుంటే అక్కడ మొదలుపెట్టు.

డోలు గట్టి దెబ్బకు సరిపడా రికార్డింగ్ లెవెల్ పెడితే కథకుడి మాట సన్నబడుతుంది. ఆయనకు కాలర్ మైకు పెట్టి వేరే ట్రాకులో తీసుకో. ట్యూబులైటు కింద సెకనుకు 25 ఫ్రేములు, షట్టరు 1/50 ఉంచితే మినుకుమినుకు రాదు.

డబ్బు సంగతి మొదటి రోజే మాట్లాడు. నీ షూటింగు వల్ల వాళ్లకు ఒక పిలుపు పోతే ఆ నష్టం నీదే. ఎవరైనా చెయ్యి అడ్డం పెడితే కెమెరా దించెయ్. తీసినదాన్ని వాళ్ల ఫోన్లలో వేసిచ్చి, వాళ్లు చూస్తుండగా పక్కనే కూర్చో. వద్దన్న ముక్క తీసెయ్, వాదించకు.

ఎడిటింగుకు కూర్చునే ముందు ఒక రాత్రి కథ మొత్తం, కొయ్యకుండా, నాకు పంపు. సౌండు ముందు వింటాను.

మీ పెద్దాయన