సినిమా సంగీతం చేస్తానంటున్న అబ్బాయిని స్పెయిన్ పంపాలా?

ప్రశ్న: మా అబ్బాయి ఇంటర్ రెండో సంవత్సరం, ఎంపీసీ. ఆరేళ్లుగా కీబోర్డు నేర్చుకుంటున్నాడు. అల్బెర్తో ఇగ్లేసియాస్ అనే స్పెయిన్ సంగీత దర్శకుడంటే ప్రాణం. ఇంజనీరింగ్ వద్దు, స్పెయిన్ వెళ్లి ఆయనలా సినిమా సంగీతం చేస్తానంటున్నాడు. వాళ్ల నాన్నగారు అర ఎకరం అమ్మైనా పంపుదామంటున్నారు. నాకు భయంగా ఉంది.
– ఒక తల్లి, రాజమహేంద్రవరం

జవాబు: అమ్మా, మీ అబ్బాయి చెవిని మెచ్చుకోవాలి. సినిమా సంగీతం చేస్తామనే పిల్లలు నా దగ్గర హాలీవుడ్ సంగీత దర్శకుడు హాన్స్ జిమ్మర్ పేరు చెబుతారు. ఇగ్లేసియాస్ పేరు చెప్పినవాడు ఇతడొక్కడే. (పాటలు పాడే జూలియో ఇగ్లేసియాస్ అనుకునేరు, ఆయన వేరు.)

అయితే మీవాడు చూస్తున్నది ఆ జీవితంలో రెండో సగాన్ని. మొదటి సగం మీరిద్దరూ కలిసి చదవాలి. ఇగ్లేసియాస్ 1955లో స్పెయిన్ ఉత్తర తీరాన, బాస్క్ ప్రాంతంలోని సాన్ సెబాస్తియాన్‌లో పుట్టారు. 1953 నుంచి ఏటా చలనచిత్రోత్సవం జరిగే ఊరు అది. అక్కడే పియానో, గిటార్, హార్మనీ (స్వరాలను కలిపి పలికించే విద్య), కౌంటర్‌పాయింట్ (రెండు మూడు బాణీలను ఒకేసారి నడిపే విద్య) నేర్చుకున్నారు. తర్వాత పారిస్ వెళ్లారు. బార్సిలోనాలో ఫోనోస్ అనే స్టూడియోలో ఎలక్ట్రానిక్ సంగీతం పట్టుబట్టి చదివారు. 1980లలో హావియేర్ నవర్రేతే అనే మిత్రుడితో కలిసి, జనం పెద్దగా వినని ఎలక్ట్రానిక్ సంగీతం చేస్తూ కూర్చున్నారు. ఆ ఇద్దరి పేర్లూ తర్వాత ఒక ఏడాది తేడాతో ఆస్కార్ నామినేషన్లలోకి ఎక్కాయి. అప్పట్లో ఈ మాట చెబితే వాళ్లే నమ్మేవారు కాదేమో.

స్పెయిన్ దర్శకుడు ఇమనోల్ ఉరీబే తీసిన సినిమాకు 1984లో సంగీతం చేశారు. హూలియో మెదెమ్ అనే కొత్త దర్శకుడితో జట్టు కుదిరి నలుగురి దృష్టిలో పడింది 1992లో. స్పెయిన్‌లో పేరున్న దర్శకుడు పేద్రో అల్మొదోవార్ పిలిచింది 1995లో. ఆనాటి నుంచి దాదాపు ముప్పై ఏళ్లుగా ఆ దర్శకుడి సినిమాలకు ఆయనే. మధ్యలో నాచో దువాతో నృత్య బృందానికి బ్యాలేలు రాశారు. ‘ది కాన్‌స్టెంట్ గార్డెనర్’ సినిమాకు మొదటి ఆస్కార్ నామినేషన్ వచ్చేసరికి ఆయనకు యాభై ఏళ్లు. ఇప్పటికి నాలుగు నామినేషన్లు, ఆస్కార్ మాత్రం రాలేదు. స్పెయిన్ సినిమా పురస్కారాలైన గోయా అవార్డులు మాత్రం పది దాటాయి.

ఇక అసలు సంగతి. మన దగ్గర సంగీత దర్శకుడంటే పాటలు. అక్కడ ఆయన పని, మన స్టూడియో భాషలో చెప్పాలంటే, రీరికార్డింగ్, అంటే సన్నివేశాల వెనక వినబడే నేపథ్య సంగీతం. అల్మొదోవార్ తీసిన ‘వోల్వేర్’ సినిమానే తీసుకోండి. అందులో అందరికీ గుర్తుండే పాట కార్లోస్ గార్దెల్ పాత టాంగో. గాయని ఎస్త్రెయ్యా మొరెంతే పాడితే తెర మీద నటి పెనెలోపే క్రూజ్ పెదాలు కదిపింది. ఆ పాట ఇగ్లేసియాస్‌ది కాదు. అయినా ఆ సినిమా సంగీతానికి గోయా వచ్చింది ఆయనకే. పాట అయిపోయాక ఎక్కడ తీగ వాద్యాలు మొదలవ్వాలి, మాట మీద వాద్యం పడకుండా ఎలా తప్పుకోవాలి, ఎక్కడ ఊరుకోవాలి అన్నదే ఆయన విద్య. మీవాడికి ఇష్టం ఇదా, లేక వేదిక మీద చప్పట్లు పడే బాణీలా? నిజాయితీగా అడగండి. బాణీలే అయితే దారి చెన్నై, హైదరాబాద్ స్టూడియోల్లో ఉంటుంది. స్పెయిన్‌తో పని లేదు.

రీరికార్డింగే ఇష్టమైతే, స్పెయిన్‌లో చదువులు లేకపోలేదు. వాలెన్సియాలో అమెరికాకు చెందిన బెర్‌క్లీ సంగీత కళాశాల శాఖ సినిమా, టీవీ, వీడియో గేముల సంగీతంలో మాస్టర్స్ నేర్పుతుంది. అది డిగ్రీ తర్వాతి చదువు, ఇంటర్‌తో సీటు ఇవ్వరు. ఇగ్లేసియాస్ సొంత ఊళ్లో మూసికేనే అనే ఉన్నత సంగీత పాఠశాల ఉంది. అక్కడ ప్రవేశ పరీక్ష దాటాలంటే నొటేషన్ చూసి చదవడం, హార్మనీ, చెవి శిక్షణ గట్టిగా ఉండాలి. స్పానిష్ కూడా రావాలి. ఆరేళ్ల కీబోర్డు అందుకు చాలదని నా అంచనా.

కాబట్టి ఈ ఏడాది ఈఏపీసెట్ రాయనివ్వండి. ఇంజనీరింగే కానక్కర్లేదు, ఏదో ఒక డిగ్రీ మాత్రం చేతిలో ఉండాలి. చెన్నైలో ఏ.ఆర్. రెహమాన్ స్థాపించిన కె.ఎం. మ్యూజిక్ కన్సర్వేటరీ లాంటి చోట సంగీతంలోనే చేరినా నాకు అభ్యంతరం లేదు. దానితోపాటు పాశ్చాత్య సంగీత సిద్ధాంతం చెప్పే గురువును వెతకండి. లఘుచిత్రాలు తీసే కుర్రాళ్లు ప్రతి కాలేజీలోనూ ఉంటారు. వాళ్లలో ముగ్గురికి ఉచితంగా రీరికార్డింగ్ చేసిపెట్టమనండి. దర్శకుడు ‘ఇది వద్దు, మళ్లీ చెయ్యి’ అన్నప్పుడు అలగకుండా నాలుగోసారీ కూర్చుంటున్నాడా లేదా మీరు గమనించండి. అల్మొదోవార్‌తో అన్నేళ్లు కుదిరింది ఉత్త ప్రతిభతోనేనని నేను అనుకోను.

సంపాదన గురించి దాచను. మన దగ్గర మొదటి అయిదారేళ్లు మరొకరి దగ్గర ప్రోగ్రామర్‌గానో (కంప్యూటర్‌లో వాద్యాలు కూర్చేవాడు) అరేంజర్‌గానో (బాణీకి వాద్యాలు అమర్చేవాడు) ఉండాలి. తెర మీద పేరు రాకపోవచ్చు, డబ్బు ఆలస్యంగా అందవచ్చు.

వాళ్ల నాన్నగారితో చెప్పండి: ఆ అర ఎకరం జోలికి ఇప్పుడు వెళ్లవద్దు. డిగ్రీ పూర్తయి, మాస్టర్స్‌లో సీటు వచ్చి, స్కాలర్‌షిప్ పోగా కట్టాల్సిన మొత్తం కాగితం మీద కనబడిన రోజున మళ్లీ ఉత్తరం రాయండి. అప్పుడు లెక్కలు వేసుకుందాం.